మబ్బుకు చెవులు

చెవులు రెండూ బుధవారం సాయంత్రం నుంచి భోజనాల బల్ల మీదే పడి ఉన్నాయి. ఎవరూ వాటిని ముట్టుకోలేదు. తినే వేళకి మొక్కజొన్న తోర్తియాల బుట్ట అటు జరిగింది, చిక్కుళ్ల గిన్నె ఇటు జరిగింది, చెవులు మాత్రం ఎక్కడివక్కడే ఉండిపోయాయి.

తెల్ల ఉన్ని చెవులు. లోపలి వైపు గులాబీ రంగు సాటిన్ గుడ్డ. పక్కనే ఎర్ర రిబ్బనుకు గుచ్చిన ఇత్తడి గంట. గొర్రె మెడలో కట్టే గంట.

“ఇంకా ఎన్నాళ్లమ్మా ఇవి ఇక్కడ? కంచం పక్కన ఏదో చచ్చి పడున్నట్టుంది, నాకు ముద్ద దిగట్లేదు,” అంది అత్తగారు దోన్యా క్రెసెన్సియా. అంటూనే మూడో తోర్తియా చుట్టి నోట్లో పెట్టుకుంది.

“మీ అబ్బాయినే అడగండత్తయ్యా. తెచ్చింది ఆయన.”

“తెచ్చింది వాడే. కుట్టాల్సింది నువ్వు. ఇవాళ శుక్రవారం, ఎల్లుండి కుస్తీ. ఆ మాత్రం లెక్క నాకూ వచ్చు.”

హెర్లిందా కుట్టుమిషను ముందు కూర్చుందే గాని దాని మీద కప్పిన గుడ్డ తియ్యలేదు. మూడు రోజులుగా ఇదే వరస. షొనాకా పేటలో సగం పెళ్లిళ్ల గౌన్లు ఆ మిషను మీద నుంచి వెళ్లినవే. ఇవాళ దానికి సెలవు.

కిటికీ దగ్గర బల్తసార్ కాఫీలో రొట్టె ముంచుకు తింటున్నాడు. మునిగిన ముక్క తెగి కప్పు అడుక్కి పోయింది. దాన్ని చెంచాతో వెతుక్కుంటూ, “ఇవి పెట్టుకుంటానని దోన్ ఫౌస్తోకి మాటిచ్చేశాను,” అన్నాడు.

“ఎవర్నడిగి ఇచ్చావయ్యా?” అంది హెర్లిందా.

“నా తలకాయ నేను ఇచ్చాను. దానికి నిన్నడగాలా?”

“తలకాయ నీదే. దాని మీద ముసుగు నాది.”

అంతే, ఆ పూటకి మాటలైపోయాయి. ఆ ఇంట్లో మౌనం వచ్చిందంటే చుట్టపుచూపుగా వచ్చిపోయేది కాదు, పెట్టె సర్దుకుని వచ్చి మకాం పెట్టేది.

ముసుగు వేసుకుని వేషంతో పట్టే కుస్తీలో, పంతొమ్మిదేళ్లలో బల్తసార్ కిరోస్‌కు ఇది ఐదో ముసుగు. మొదట టెలిగ్రాఫ్ గుమాస్తా అయ్యాడు. ఎదుటివాడి వీపు మీద వేళ్లతో టకటకా వార్త కొట్టేవాడు. ఏం కొడుతున్నాడో రెండో వరసకి కూడా కనపడేది కాదు. తర్వాత జెముడు మొక్క అయ్యాడు. ఒంటి మీది రబ్బరు ముళ్లు మొదటి దెబ్బకే రాలిపోయేవి, పిల్లలు ఏరుకుని జేబుల్లో వేసుకు పోయేవారు. తర్వాత కవల సోదరుల్లో పెద్దవాడు. రెండోవాడిగా రావలసిన మనిషికి బస్సు కండక్టరు ఉద్యోగం దొరికి అటే పోయాడు. ఎనిమిది నెలలు బల్తసార్ ఒక్కడే కవలలై కుస్తీ పట్టాడు. నాలుగో ముసుగు సంగతి ఇంట్లో ఎవరూ ఎత్తరు.

వేషం ఎత్తిపోయిందని గోదాలో ఎవరూ నోరువిప్పి చెప్పరు. సోమవారం సోమవారం బయటి గోడకు సున్నం కొట్టి ఆ వారం కుస్తీల పేర్లు కొత్తగా రాస్తారు. ఏ పేరుకి నూకలు చెల్లాయో అది గోడ మీద ఉండదు. బల్తసార్ నాలుగుసార్లు ఆ గోడ ముందు నిలబడి, కింది నుంచి పైకి చదివి, ఇంటికొచ్చి బూట్లు విప్పుకున్నాడు.

పేటవాళ్ల లెక్కలో ఆయన టైర్ల వ్యాపారి. ముసుగు వేసేవాడి సంగతి పక్కింటి గోడకి కూడా తెలియకూడదు, అది ఆ వృత్తి కట్టుబాటు. “మావాడికి టైర్ల కొట్టు, ఊళ్లు తిరుగుతాడు,” అని దోన్యా క్రెసెన్సియా పంతొమ్మిదేళ్లుగా చర్చిలో చెబుతూనే ఉంది. ఆ పాపం ఏటా ఒకసారి పాదిరి దగ్గర ఒప్పుకుని, మళ్లీ చెబుతూనే ఉంది.

ఇక మబ్బు. మబ్బు హెర్లిందాకు కల్లో వచ్చింది.

ఫిబ్రవరిలో ఒక మధ్యాహ్నం బట్టలుతికి అలిసి కునుకు తీస్తుంటే, ఊరికి పడమట ఉన్న, అందరూ దోన్ గోయో అని పిలుచుకునే నిప్పుకొండ భుజం మీద నుంచి ఒక తెల్ల మబ్బు నెమ్మదిగా దిగింది. వీధి వీధీ దాటుకుంటూ, తోర్తియాల మిల్లు ముందు వరసలో నిలబడ్డ ఆడవాళ్లని తప్పుకుంటూ, వాళ్లింటి గుమ్మంలోకి వచ్చి ఆగింది. లోపలికి రావచ్చా అన్నట్టు నిలబడింది. హెర్లిందా రమ్మంది. మబ్బు వెళ్లి బల్తసార్ కుర్చీలో కూర్చుంది. కుర్చీ కిర్రుమనలేదు. అంత సంతోషం తనకు మెలకువలో ఎన్నడూ కలగలేదని ఆమె లేచాక అనుకుంది. మొహం కడుక్కోకుండానే కత్తెర పట్టుకుంది.

తెల్ల పట్టుగుడ్డ, మీద వలలాంటి పల్చటి గుడ్డ, మధ్యలో దూది. బల్తసార్ వేసుకుని అద్దంలో ఎదురుగా ఓసారి, పక్కకి తిరిగి ఓసారి చూసుకున్నాడు. దోన్ ఫౌస్తో చూసి సరేనన్నాడు. గోదా ఆయనది, ఎవరికే పేరు ఇవ్వాలన్నా, ఎవరి మీద ఎవరు గెలవాలన్నా ఆయన మాటే.

ఏప్రిల్‌లో మొదటి ఆట. పొగ వదిలారు. పొగలోంచి తెల్ల మబ్బు తేలుతూ వచ్చింది. జనం నోళ్లు తెరుచుకుని చూశారు. మూడో వరసలో వేరుశనక్కాయలు అమ్మే ఆవిడ ఒకతె తల పక్కకి వంచి చూసి చూసి, తీరిగ్గా, “మ్మే...” అంది.

ఆ తర్వాత ఎవరి నోరు పట్టుకోగలరు? ఆగస్టు దాకా గోదా అంతా మ్మే. చెమటకి దూది ఉండలు కట్టి నిజంగానే గొర్రెలా కనిపించాడాయె.

“జనం గొర్రె అంటుంటే మనం మబ్బు మబ్బు అని వాళ్లతో తగువెందుకయ్యా? గొర్రెనే ఇద్దాం,” అన్నాడు దోన్ ఫౌస్తో. ఆదివారం కమ్మరితో ముసుగు పందెం ఖాయం చేశాడు. కమ్మరి అంటే ఆ వేషంలో కుస్తీ పడుతూ ముప్పై ఒక్క ఏళ్లుగా మొహం ఎవరూ చూడని ఉద్దండుడు. పందెంలో ఓడినవాడు బరి నడుమ నిలబడి ముసుగు విప్పాలి. తన అసలు పేరు, ఊరు, ఎన్నేళ్లు కుస్తీ పట్టాడో నోరారా చెప్పాలి. ఓడేది గొర్రె.

శనివారం పొద్దున్న నీళ్లగది తలుపు వెనక మాటలు వినిపించి హెర్లిందా ఆగింది.

“బల్తసార్ కిరోస్ తెకువాత్ల్. ప్వేబ్లా, షొనాకా పేట. పంతొమ్మిదేళ్లు.”

చెంబుతో నీళ్లు పడిన చప్పుడు. మళ్లీ అదే మాట, ఈసారి కాస్త గట్టిగా. మళ్లీ నీళ్లు. మూడోసారి పేరు దగ్గరే ఆగి, దగ్గి, మళ్లీ మొదలెట్టాడు. తువ్వాలు అందించడానికి వచ్చిన హెర్లిందా దాన్ని తలుపు గొళ్లేనికి తగిలించి, అడుగుల చప్పుడు కాకుండా డాబా మీదికి వెళ్లిపోయింది.

కాసేపటికి ఆయనా వచ్చాడు, తడి తలతో. ఎదురుగా కొండ నెత్తిన చిన్న మబ్బొకటి కదలకుండా కూర్చుని ఉంది. ఇద్దరూ దాన్ని చూడనట్టు నటించారు.

“విన్నావా?” అన్నాడు.

“తలుపు పల్చన.”

“ఒక్కసారి చెప్పుకోవాలనుందే ముసలీ.” పెళ్లయిన మర్నాటి నుంచీ ఆయన ఆమెను పిలిచే పిలుపు అది. అప్పటికి ఆమెకు ఇరవై. “అంతే నాకు కావలసింది. కసాయి కొట్టు రాఫాయేల్ నిన్న నన్ను ట్రాక్టరు టైరు సంగతడిగాడు. నేనేం చెప్పానో నాకే తెలీదు. వాడు మాత్రం తలూపాడు. ఏదో ఒకరోజు నేను పోతే టైర్లమ్మేవాడు పోయాడనే కదా అంటారు.”

“గొర్రె పోయిందంటారు. అది బాగుంటుందా?”

“చెవులు పది నిమిషాలుంటాయి. పేరు నిలిచిపోతుంది.”

“ఏ లోకంలో ఉన్నావయ్యా నువ్వు? చెవులే నిలిచిపోతాయి. రేపు నువ్వు వీధిలో పాలకి వెళ్తే రాఫాయేల్ కత్తి పక్కన పెట్టి మరీ మ్మే అంటాడు. మీ అమ్మ చర్చికెళ్తే మ్మే. మన శవాల వెనకాల కూడా అదే మంత్రం.”

“అననీ. నన్ను చూసి అంటారు కదా. నన్ను. నా మొహాన్ని చూసి.”

దండెం మీద సరిగా పిండని చొక్కా నీళ్లు కారుతోంది, హెర్లిందా దాన్ని మళ్లీ పిండింది.

“నీకు కోపం చెవుల మీద కాదు. మబ్బు నీ కల కాబట్టి కోపం,” అన్నాడు మెల్లగా.

“అవును. నా కలే. నాకు జన్మలో వచ్చిన ఒకే ఒక్క మంచి కల. దాన్ని తెచ్చి నీ నెత్తిన పెట్టాను. వెయ్యిమంది ఉమ్మేశారు. ఇప్పుడు దానికి నా చేత్తోనే చెవులు కుట్టమంటున్నావు.”

“నేను ఉమ్మలేదు కదే.”

“నువ్వు గంట కట్టుకుంటున్నావు.”

బల్తసార్ కిందికి దిగిపోయాడు. హెర్లిందాకి ఏడుపొచ్చింది. ఏడ్చింది, బట్టలన్నీ ఆరవేసింది, దిగివచ్చి మిషను మీద గుడ్డ తీసింది.

మిషను మీద కుట్టలేదు. సూదీ దారం తీసుకుని గుమ్మంలో వెలుతురుకి కూర్చుంది. చెవులకి పొడుగు పొడుగు కచ్చాకుట్లు వేసింది. కొలతలు చూడడానికి దర్జీలు వేసేవి, ఒక్క లాగు లాగితే ఊడివచ్చేవి. మీద నుంచి చూస్తే తెలియకుండా ఉన్నిని దువ్వి కప్పింది. ఎందుకు చేస్తున్నానని తనను తాను అడగలేదు. చెవులు ఊడితే ముసుగు పోయేవేళకి అది మబ్బు ముసుగే అవుతుంది, ఆయన పేరూ ఆయనకి దక్కుతుంది, ఇద్దరి మాటా నెగ్గుతుంది అనుకుంది. పాపం, అంతే అనుకుంది.

“అమ్మయ్య, బుద్ధొచ్చింది,” అంది దోన్యా క్రెసెన్సియా, చూపు సరిగా ఆనక. “గట్టిగా కుట్టావా?”

“కుట్టానత్తయ్యా.”

బల్తసార్ ముసుగు చేతిలోకి తీసుకుని చెవుల మొదళ్లలో బొటనవేలు ఒకసారి పోనిచ్చాడు. వేలు ఆగింది. హెర్లిందా సూదుల డబ్బాకి మూత పెట్టింది. ఆయన ఆమె మొహం వంక చూసి, “బాగా కుట్టావు,” అని సంచిలో పెట్టేసుకున్నాడు. తెలిసి అన్నాడో తెలియక అన్నాడో ఆమెకు అంతుపట్టలేదు.

ముసుగు వేసేవాడి పెళ్లాం గోదాకి వెళ్లదు. ఆమె ఎవరి కోసం ఏడుస్తుందో చూస్తే ముసుగులో ఎవరున్నారో ఊరంతటికీ తెలిసిపోతుంది. పంతొమ్మిదేళ్లలో హెర్లిందా ఆ గడప తొక్కలేదు. ఈ ఆదివారం మాత్రం నాలుగు గంటలకి తలకు శాలువా చుట్టుకుని, అందరికంటే పై వరసలో, నిమ్మకాయ ఐసు తింటున్న ఒక కుటుంబం వెనక కూర్చుంది.

రేకుల కప్పు సందుల్లోంచి ఎండ పొడుగాటి చారలుగా దిగుతోంది. ఆ చారల్లో దుమ్ము తేలుతోంది. అంతా నీళ్లలో జరుగుతున్నట్టు అనిపించింది. గంట గణగణలాడించుకుంటూ, చెవులూపుకుంటూ ఆమె మొగుడు వచ్చాడు. వెయ్యి గొంతులు మ్మే అన్నాయి. పక్కనున్న పిల్లాడు కూడా ఐసు నోట్లో పెట్టుకునే అన్నాడు. హెర్లిందా వేళ్లు శాలువా అంచుని పట్టుకున్నాయి.

మొదటి పట్టు కమ్మరిది. తోలు ఏప్రను కట్టుకున్న ఆ పెద్దాయన గొర్రెని బరి చుట్టూ కట్టిన తాళ్లకి ఆనించి, జనం కేసి తిరిగి, రెండు చెవులూ పట్టుకుని లాగాడు.

చెవులు చేతిలోకి వచ్చేశాయి.

అవి ఊడిరావనుకునే ఆయన లాగాడు. వచ్చాక ఏం చెయ్యాలో తెలియలేదు. ముప్పై ఒక్క ఏళ్ల ఉద్దండుడు రెండు ఉన్ని ముక్కలు పట్టుకుని బరి నడుమ నిలబడిపోయాడు. కాసేపు చూసి, వాటిని తాళ్ల అవతల జాగ్రత్తగా పెట్టాడు. ఎవరో నవ్వబోయి ఆగారు.

బల్తసార్ మెడలో రిబ్బను తనే తెంపుకున్నాడు. చెవులు ఊడిన చోట దూది విడిపోయి గాలికి లేచింది. పై నుంచి ఎండ చార ఒకటి సరిగ్గా ఆయన మీద పడింది. అప్పుడు కదిలాడు. తొందర లేకుండా, దెబ్బ తగిలిన చోట నిలవకుండా, పట్టుకోబోతే పక్కకి జరిగిపోతూ. తోర్తియాల మిల్లు ముందు ఆడవాళ్లని తప్పుకుంటూ వచ్చిందే, ఆ నడక. హెర్లిందా ఆ నడకని ఆయనకి ఎప్పుడూ చెప్పలేదు. కలలో మబ్బు వచ్చిందని చెప్పిందే గాని ఎలా నడిచిందో చెప్పలేదు.

గోదాలో చీమ చిటుక్కుమనలేదు. ఏప్రిల్ నాటి నిశ్శబ్దం కాదు ఇది. మూడో వరసలో వేరుశనక్కాయల ఆవిడ తట్ట కింద పెట్టి లేచి నిలబడింది. అందరూ ఆవిడ నోరు చూశారు. ఆవిడ రెండు చేతులూ గుండెల మీద పెట్టుకుని, “మబ్బు,” అంది. “అది మబ్బే తల్లీ.”

పై వరసలు కూడా లేచాయి. మబ్బూ, మబ్బూ అని గోదా ఊగిపోయింది. హెర్లిందా ఏడుస్తూ చప్పట్లు కొట్టింది, ఎవరు చూస్తారన్న భయం కూడా లేకుండా.

కుస్తీవాళ్లు బరిలోకి వచ్చే తెర పక్కన దోన్ ఫౌస్తో తల మీది టోపీ తీశాడు.

ఆ టోపీ సంగతి బల్తసార్ ఎన్నోసార్లు చెప్పాడు. అనుకున్నది రద్దు, తలకిందులు చెయ్యండి అని రిఫరీకి ఆజ్ఞ అది. రిఫరీ వంగి కమ్మరి చెవిలో ఏదో అన్నాడు. కమ్మరి తలూపాడు. ఇంక విశ్రాంతి ఇప్పించండని ఆయన రెండేళ్లుగా అడుగుతున్నాడు, ఆయన్ని ఓడించడానికి తగిన చెయ్యి దొరకాలని దోన్ ఫౌస్తో ఆపుతున్నాడు. ఇప్పుడు దొరికింది. రిఫరీ బల్తసార్ వైపు వంగాడు. బల్తసార్ తల అడ్డంగా ఊపాడు. రిఫరీ మళ్లీ చెప్పాడు. బల్తసార్ మళ్లీ అడ్డంగానే ఊపాడు.

హెర్లిందా చేతులు చప్పట్ల మధ్యలో ఆగిపోయాయి.

కమ్మరే ఆయన్ని మీదికి లాక్కుని వెల్లకిలా పడుకున్నాడు. భుజాలు నేలకి ఆనించి కదల్లేదు. ఒకటి, రెండు, మూడు అని రిఫరీ లెక్కపెట్టాడు, అంటే కమ్మరి ఓడినట్టే. గెలిచినవాడు ముసుగు విప్పడు. గెలిచినవాడు పేరు చెప్పడు.

ముసలాయన లేచి ముసుగు తాళ్లు విప్పుకున్నాడు. ముసుగు తీస్తే లోపల మామూలు తాత మొహం, చెంపలు తడిసి. మైకు అందుకున్నాడు.

“ఎలీహియో మొంతాల్వో సాంచెస్. సాన్ మార్తీన్ మా ఊరు. ముప్పై ఒక్క ఏళ్లు.”

జనం టోపీలు తీసి గాల్లోకి ఎగరేశారు. ముసలివాళ్లు ఆ పేరుని నోట్లో నోట్లో అనుకుని చూశారు. పక్కనే బల్తసార్ ఆయన మోచెయ్యి పట్టుకుని తల వంచుకు నిలబడ్డాడు. రిఫరీ బల్తసార్ చెయ్యి పైకెత్తితే ఎత్తించుకున్నాడు. ఒదిలెయ్యగానే అది కిందికి పడిపోయింది.

“పదేళ్లు. ఈ మబ్బు పదేళ్లు దిగదు చూస్కో, రేపటి నుంచి గోడ మీద పై వరస మనదే,” అని దోన్ ఫౌస్తో ఎవరితోనో అంటూ పోతుంటే మెట్ల మీద హెర్లిందా విన్నది. నా సూదితో నేనే మూతి కుట్టేశాను ఆయనకి, అనుకుంది. ఇంటికి పోయి ఉండాల్సింది. కాళ్లు పోలేదు.

వెనక గేటు దగ్గర పిల్లలు, తల్లులు కాగితాలు పట్టుకుని వరస కట్టారు. ముసుగుతోనే బయటికి వచ్చాడు మబ్బు. ఒక్కొక్కరినీ పేరడిగి, రాసి, సంతకం పెట్టి ఇస్తున్నాడు. హెర్లిందా వరసలో నిలబడింది. కాగితం లేదు, ఐసు పొట్లం కట్టిన కాగితం ఒకటి కింద పడుంటే తీసుకుంది.

ఆమె వంతు వచ్చింది. ఆయన కాగితం తీసుకుని, పెన్ను సిద్ధం చేసుకుని, తలెత్తాడు. ముసుగు కంతల్లోంచి కళ్లు ఆమెని చూశాయి. చుట్టూ ఇరవైమంది, ఆయన ఆమెని ఎరిగి ఉండకూడదు.

“ఎవరి పేరు రాయమంటారండీ?” అన్నాడు.

ఇరవై ఏళ్లలో ఆయన నోట తనను అండీ అనడం ఆమె ఎరగదు. కట్టుబాటు కోసం అన్నాడో, కడుపు మండి అన్నాడో గొంతులో తెలియలేదు. అయినా చెప్పింది, వెనకవాళ్లకి కూడా వినపడేటంత స్పష్టంగా.

“బల్తసార్ కిరోస్ తెకువాత్ల్ అని రాయండి.”

పెన్ను కాగితం మీద ఆగింది. ఐసు తడి కాగితం మీద సిరా చిన్న చుక్కై పెద్దదవుతోంది.

“ఆయన కూడా వచ్చారాండీ ఇవాళ?” అని అడిగాడు మబ్బు.

వెనక నుంచి పిల్లలు తోసుకుంటున్నారు. ఆయన జవాబు కోసం ఓపిగ్గా నిలబడే ఉన్నాడు.